పలుగు పడిన తరువాత

కొత్తయిల్లు కట్టుటకై పాతయింటి అద్దెదారును లేవదీయుటను గూర్చి, బొంబాయి మొదలు భాగ్యనగరము వరకు ఒక విచారణ

వర్షాకాలము సమీపించినదనుటకు బొంబాయి మహానగరమున రెండు గురుతులు కలవు. మొదటిది నైరృతిదిక్కున లేచు మబ్బు. అది ఊరందరికిని కనబడును. రెండవది దక్షిణబొంబాయి పాతపేటలలో కాపురమున్నవారికి మాత్రమే పట్టినది: మహారాష్ట్ర గృహనిర్మాణ ప్రాంతాభివృద్ధి సంస్థ, లోకవ్యవహారములో 'మ్హాడా' యని పిలువబడునది, ప్రతియేటను వానలకు ముందు ప్రకటించు అత్యంత ప్రమాదకర భవనముల పట్టిక. ఆ పట్టికలో తమ భవనము పేరు కనబడినవారు సామాను సర్దుకొని తాత్కాలిక శిబిరములకు తరలిపోవలయునని అధికారుల ఆజ్ఞ. తరలిపోవువారు కొందరు కలరు. పోనొల్లని వారును పెక్కురు కలరు. ప్రాణభయముకన్న బలమైనదేదో వారిని ఆ పగిలిన గోడలకును, పుచ్చిన దూలములకును, ఊతకఱ్ఱలమీద నిలిచిన మెట్లకును కట్టివేయుచున్నది. ఒకసారి గడప దాటి బయటికి పోయినచో మరల ఆ చోటికి రాగలమా యన్న సందేహమే అది.

ఆ సందేహము నిరాధారము కాదని చూపుటకే ఈ వ్యాసము. ఇంటి యజమాని తన పాతయింటిని పడగొట్టి ఆ నేలమీద కొత్తది కట్టుకొనదలచుట తప్పు కాదు. అది అతని సొత్తు, కాలము చెల్లిన కట్టడమును మార్చుకొనుట ఊరికిని క్షేమము. అయితే ఆ యింటిలో ఇరువదియేండ్లో నలువదియేండ్లో సంసారము చేసి, పిల్లలను పెంచి, వీథిచివర అంగడిలో ఖాతా సంపాదించుకొని, ఆ చిరునామామీదనే రేషనుకార్డును ఓటును నిలుపుకొన్న అద్దెదారుకు ఆ నేలతో ఏ సంబంధమును లేదనుటయు సత్యము కాదు. ఈ రెండు సత్యముల నడుమ చట్టము ఎచ్చట నిలిచినది, నిలిచినచోట ఎంతసేపు నిలిచినది అన్నదే విచారింపవలసిన విషయము.

మొదట యజమాని పక్షము విందము. అద్దె నియంత్రణము యుద్ధములు కన్న బిడ్డ. మొదటి ప్రపంచయుద్ధము ముగియు వేళ 1918లో బొంబాయిలో యుద్ధకాలపు అద్దెచట్టము పుట్టినది. రెండవ యుద్ధము ముగిసి, దేశవిభజనతో కాందిశీకులు నగరమునకు వెల్లువగా వచ్చుచున్న దినములలో, 1947 నాటి చట్టము పుట్టినది. 1940 సెప్టెంబరు 1వ తేదీన ఏ గదికి ఏ అద్దె యుండెనో అదియే దానికి ప్రామాణికమైన అద్దె యనియు, అంతకు మించి పుచ్చుకొనరాదనియు ఆ చట్టము శాసించెను. తాత్కాలికమని చెప్పి తెచ్చిన ఆ శాసనమును గడువు తీరినప్పుడెల్ల పొడిగించుచు అర్ధశతాబ్దము నడిపిరి. బియ్యము ధర మారినది, సిమెంటు ధర మారినది, తాపీమేస్త్రీ కూలి మారినది. అద్దె మాత్రము 1940లోనే నిలిచిపోయినది. గది అద్దె రూపములో వచ్చు సొమ్ముతో ఏటికొకసారి సున్నము కొట్టించుటయే గగనమైనప్పుడు యజమాని పైకప్పు మార్పించునని ఎవరాశింతురు? వట్టిపోయిన గేదెకు దాణా కలుపువాడు లోకమున లేడు. కనుక మరమ్మతులు ఆగిపోయెను, కొయ్యదూలములకు చెదలు పట్టెను, ఇనుపకమ్ములకు సముద్రపు గాలి తుప్పు పట్టించెను. యజమాని ఇల్లు కూలుటకై ఎదురుచూచువాడయ్యెను, అద్దెదారు కూలకుండుటకై మ్రొక్కుకొనువాడయ్యెను.

1997 డిసెంబరులో మల్పే విశ్వనాథ ఆచార్య అభియోగమున సుప్రీంకోర్టు ఈ స్తంభించిన అద్దెను విమర్శించి, ఒకనాడు న్యాయముగా నుండిన నిబంధనయే కాలగతిచే అన్యాయముగా పరిణమింపవచ్చునని తేల్చెను. తత్ఫలితముగా వచ్చిన 1999 నాటి మహారాష్ట్ర అద్దె నియంత్రణ చట్టము 2000 మార్చి 31 నుండి అమలునకు వచ్చి, ఏటికి నూటికి నాలుగు చొప్పున అద్దె పెంచుకొనుటకు అనుమతించినది. యాబదియేండ్ల ఆకలికి అది ఎంత భోజనమో చదువరులే లెక్కించుకొనవచ్చును.

అద్దెదారు పక్షమునను వినవలసినది కలదు; అది బొంబాయికి వెలుపల నున్నవారికి సులువుగా బోధపడదు. అచ్చట 'పగిడీ' యను పద్ధతి ఒకటి తరతరములుగా నడచుచున్నది. గదిలో చేరువాడు ఒక పెద్దమొత్తమును ముందుగనే చెల్లించును. నెలనెలా ఇచ్చు అద్దె నామమాత్రము. విడిచిపోవునప్పుడు అతడు తన హక్కును మరియొకనికి అమ్మును. ఆ సొమ్ములో ఒక వంతు యజమానికి ముట్టును. ఒకప్పుడు చాటుమాటుగా సాగిన ఈ బేరమునకు 1999 నాటి చట్టము బాహాటమైన గుర్తింపు నొసగినది. అట్టివాడు కాగితముమీద అద్దెదారు, సొమ్ముమీద సగము యజమాని. అతనిని పట్టుకొని నీవు పదిరూపాయల అద్దెకు పడియున్నవాడవనుట, పెట్టెలో పెట్టిన సొమ్మును చూడకుండ తాళపుచెవి వెల మాత్రము చెప్పుటయే యగును.

ఇట్లు ఇరువురును బిగదీసికొని యుండగా ఇండ్లు కూలసాగెను. ప్రభుత్వము 1969 నాటి చట్టముచే భవనముల మరమ్మతు, పునర్నిర్మాణ మండలిని నెలకొల్పి, ఆ పాతభవనములమీద 'సెస్సు' అను ప్రత్యేకపు పన్ను విధించి, ఆ డబ్బుతో మరమ్మతులు తానే చేయబూనెను. నాడు లెక్కకు వచ్చిన సెస్సు భవనములు 19,642. అతుకులు వేయుటకు అక్కరకు వచ్చినదే గాని, భవనములను మార్చుటకు ఆ సొమ్ము చాలలేదు. అంతట 1986లో మరియొక అడుగు ముందునకు వేసిరి: భవనములో నున్నవారిలో నూటికి డెబ్బదిమంది కూడి సహకారసంఘముగా ఏర్పడినచో, నెలసరి అద్దెకు నూరురెట్లు యజమానికిచ్చి ఆ భవనమును వారికొరకు ప్రభుత్వము స్వాధీనము చేసికొనవచ్చునని చట్టము చేసిరి. నూరునెలల అద్దె! దక్షిణబొంబాయిలో గజము నేలకు ఏమి ధర పలుకునో ఎరిగినవారు ఈ పరిహారమును విని నవ్వవలెనో ఏడ్వవలెనో తెలియక నిలువబడుదురు. యజమానుల సంఘము కోర్టుకెక్కినది. 1992లో సుప్రీంకోర్టుకు చేరిన ఆ వ్యాజ్యము తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనమునకు పెరిగి, 2024 నవంబరు 5న తీర్పు పొందినది. ప్రతి సొంత ఆస్తియు సమాజపు భౌతికవనరు కాజాలదని అందు అధికసంఖ్యాకులు చెప్పిరి. రాజ్యాంగప్రశ్నకు సమాధానము లభించినది. అది లభించులోపల ఆ భవనములకు ముప్పదిరెండు వానకాలములు గడచినవి.

ఈ కథలో మన తెలుగువారికిని పాలు కలదు. కామాఠీపుర మన్నంతనే లోకమునకు స్ఫురించు అపకీర్తి ఒకటున్నదే గాని, ఆ పేటకు ఆ పేరు పెట్టించినవారు తెలుగుగడ్డనుండి రాళ్లు మోయుటకు, గోడలు కట్టుటకు వలసపోయిన కామాఠీలు. బొంబాయి మహానగరమును తట్టలతో మోసినవారిలో వారు ముందువరుసవారు. నేటికిని ఆ నగరపాలకసంస్థ తెలుగు మాధ్యమమున బడులు నడుపుచున్నది. ఊరిని కట్టినవారి సంతతి కొంత నేడు ఆ పేట యిరుకు సందులలో, ఉమ్మడి మరుగుదొడ్లే గల పాతగదులలో కాపురముండి, తమ యిండ్ల పునర్నిర్మాణమునకై ఎదురుచూచుచున్నది. అచ్చటి స్థలములు మిక్కిలి చిన్నవి. ఒక్కొక్క యజమానికి ఏబదిగజములో నూరుగజములో మాత్రమే యుండుటచే ఎవని యింటిని వాడు పడగొట్టి కట్టుటకు వీలులేదు. కనుక పేటనంతటిని ఒక్కటిగా చేర్చి కట్టవలయునని మ్హాడా తలపెట్టినది. వందలకొలది యజమానులు, వేలకొలది అద్దెదారులు. అందరును ఒకేమారు లేవవలయును, ఒకేమారు నమ్మవలయును. నమ్ముట యెట్లు?

1999 నాటి అద్దెచట్టమును విప్పి చూచినచో అది మనము తలచినంత అమాయకమైనది కాదని తెలియును. కూల్చి కట్టుటకై ఇల్లు ఇప్పింపుమని యజమాని కోరినప్పుడు న్యాయస్థానము అతని మాటమీద నమ్మకముంచి ఉత్తరువు వ్రాయరాదు. కట్టుటకు చాలిన ధనము నీయొద్ద కలదా యని అడుగవలయును. పటములు, ఖర్చు అంచనాలు సక్రమముగా సిద్ధమైనవా యని చూడవలయును. ఇప్పుడున్న అద్దెదారులలో ప్రతియొకనికిని కొత్తభవనమున సుమారు అంతే వైశాల్యముగల చోటు, నూటికైదు మాత్రమే హెచ్చుతగ్గులతో, పటములో చూపితివా యని అడిగి, యజమానిచే లిఖితపూర్వకమైన హామీ పుచ్చుకొనవలయును. ఆ హామీలో మాసములు సైతము నిర్ణయింపబడినవి: ఇల్లంతయు చేతికి వచ్చిననాటినుండి నెలలోపల పలుగు పడవలయును, మూడునెలలలో కూల్చుట ముగియవలయును, పదునైదు నెలలలో కొత్తభవనము లేవవలయును. 1947 నాటి పాతచట్టమైతే ఇంకను ముందునకు పోయి, కొత్తభవనమున పూర్వమున్న గృహములకు రెట్టింపు సంఖ్య యుండితీరవలయునని విధించెను. ఒకని కడుపు కొట్టి కట్టు ఇల్లు ఇద్దరికి నీడనైనను ఈయవలెనని నాటి శాసనకర్తల యూహ. నెలలోపల పలుగు పడనియెడల అద్దెదారు మరల న్యాయస్థానమునకు పోయి తన గదిని తనకు ఇప్పింపుమని కోరుటకు హక్కును కలదు.

కాగితముమీద ఇంతకన్న చక్కని కట్టుబాటు చేయగలవారెవరు? ధనము, పటము, గడువు, హామీ: నాలుగు గుంజలును పాతినారు. పందిరి మాత్రము నిలువదు. ఏలయన, ఈ నాలుగింటిలో మొదటి రెండును ఖాళీ చేయించుటకు ముందు పరీక్షింపబడునవి; కడపటి రెండును ఖాళీ చేసిన తరువాత పరీక్షింపవలసినవి. ముందటి పరీక్షకు న్యాయస్థానమున్నది, న్యాయవాదులున్నారు, ఎదురువాదులున్నారు. తరువాతి పరీక్షకు ఎవరున్నారు? ఇల్లు విడిచి, ఊరిచివర మరియొకచోట అద్దెకు చేరి, కూలిపనికో గుమాస్తాపనికో రెండుగంటలు రైలులో నిలుచుండి పోవుచున్న అద్దెదారు తానే వచ్చి, తానే కొలిచి, తానే వ్యాజ్యము వేసికొనవలయును. కొత్తభవనమున చేరుదునని వాడు ఖాళీ చేసిన ఆరునెలలలో యజమానికి నోటీసు ఈయవలయునన్న నియమము కూడ వాని నెత్తిననే యున్నది. గృహము పోగొట్టుకొన్నవానికే గృహనిర్మాణమును పర్యవేక్షించు భారమును అప్పగించిన చట్టమిది.

ముందటి పరీక్షను గూర్చి మన న్యాయస్థానములు ఎంత శ్రద్ధ వహించినవో చెప్పుటకు మద్రాసు వ్యాజ్యములే సాక్ష్యము. అచ్చటి 1960 నాటి చట్టమున, 'తత్క్షణము కూల్చు నుద్దేశముతో సద్బుద్ధిచే' కావలసియుండిననే ఇల్లు ఇప్పింపవచ్చునను నర్థముగల నిబంధన యుండెను. ఇందులో సద్బుద్ధి యనగా నేమి? ఇల్లు శిథిలమై యుండవలయునా, లేక గట్టిగానున్న ఇంటినైనను లాభముకొరకు కూల్చుకొనవచ్చునా? 1979లో ఒక వ్యాజ్యమున ఇంటి వయసును స్థితిని కూడ చూడవలసినదే యని సుప్రీంకోర్టు చెప్పినది. తరువాత, మౌంటురోడ్డున గడియారముల వ్యాపారమునకు పేరెన్నికగన్న పి. ఓర్ అండ్ సన్స్ వారు అద్దెదారులుగానున్న వ్యాజ్యమున, కూల్చవలసినంత దుఃస్థితి భవనమునకు ఉండితీరవలయునన్నట్లు చెప్పినది. 1996లో విజయసింగ్ అభియోగమున ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగధర్మాసనము కూర్చుండి మధ్యేమార్గమును స్థిరపరచినది: భవనము కూలుటకు సిద్ధముగా నుండనక్కరలేదు, అట్లని యజమాని అడిగినంతనే ఈయనక్కరయు లేదు, అతని ఉద్దేశపు నిజాయితీ, భవనపు వయసు, స్థితి, కూల్చి కట్టుటకు అతనికి గల ఆర్థికశక్తి, ఇవన్నియు కలిపి తూచవలయును. మంచి త్రాసే. పదునేడేండ్లు పట్టినది ఆ త్రాసు ముల్లు నిలుచుటకు. కాని ఈ తీర్పులన్నింటిలోను వాదము ఇల్లు చేతికిచ్చు దినమువరకే వచ్చి ఆగిపోవును. ఆ దినము తరువాత ఆ స్థలమున ఏమి లేచినది, ఎప్పుడు లేచినది, పోయినవాడు మరల వచ్చెనా లేదా యన్నది ఏ తీర్పులోను కనబడదు.

తరువాత ఏమి జరుగవచ్చునో బొంబాయి శివారు గోరెగాఁవ్‌లోని పత్రాచాల్ నివాసులను అడుగవలయును. అది మ్హాడా వారి స్థలము. అందు 672 కుటుంబములవారు రేకుల కప్పులక్రింద కాపురముండిరి. 2008లో నివాసుల సంఘము, మ్హాడా, ఒక నిర్మాణసంస్థ, మువ్వురును కూడి కరారు వ్రాసికొనిరి: పాతవారికి ఇండ్లు ముందు, అమ్మకము తరువాత. నివాసులు ఖాళీ చేసిరి. పాతవారి ఇండ్లు లేవకమునుపే నిర్మాణపు హక్కులు ఇతరులకు అమ్ముడుపోయినవను ఆరోపణమీద కేసులు నడచినవి; నిర్మాణసంస్థ ఇచ్చుచుండిన తాత్కాలిక అద్దెయు నిలిచిపోయినది; 2018లో మ్హాడా ఆ పనిని తన చేతిలోనికి తీసికొనవలసివచ్చినది. నెల, మూడునెలలు, పదునైదునెలలు అన్న లెక్కలు పుస్తకములోనే యుండగా, ఆ కుటుంబములలో పుట్టిన పసిబిడ్డలు మీసము వచ్చినవారైరి. ప్రభుత్వమే భూస్వామిగానున్న చోటనే యిట్లయిన, కామాఠీపురపు సందులోని అద్దెదారు తన కడప పట్టుకొని వ్రేలాడుట మూర్ఖత్వమా?

అట్లు వ్రేలాడుటకు చెల్లింపవలసిన మూల్యమును కూడ దాచరాదు. 2017 ఆగస్టు 31 ఉదయమున భేండీబజారులో నూరేండ్లు పైబడిన హుసైనీ భవనము కూలి 33 మంది మరణించిరి. ఆ భవనము పునర్నిర్మాణపు పథకమున చేరినదే, అందలి కుటుంబములు కొన్ని అప్పటికే తాత్కాలిక గృహములకు తరలిపోయినవి, కొన్ని నిలిచిపోయినవి. నిలిచినవారి భయమును ఎగతాళి చేయుటకు మనకు అధికారము లేదు. ఆ భయమును పోగొట్టు బాధ్యత ఎవరిదని అడుగుటకు మాత్రము కలదు.

ఇంక మన యింటికి వత్తము. బొంబాయి అద్దెదారు కథ విని, మన భాగ్యనగరపు అద్దెదారు నిట్టూర్చి, అంతమాత్రపు హక్కైనను నాకు లేకపోయెనే యనును. మన రాష్ట్రపు 1960 నాటి భవనముల అద్దె నియంత్రణ చట్టపు చరిత్ర చిన్నది కాదు: ఆరంభమున 1957 ఆగస్టు 26 తరువాత కట్టిన ఇండ్లను తన పరిధినుండి తప్పించినది, అట్లు శాశ్వతముగా తప్పించుట సమత్వమునకు విరుద్ధమని 1983లో సుప్రీంకోర్టు మోటార్ జనరల్ ట్రేడర్స్ వారి అభియోగమున కొట్టివేసినది. మరమ్మతులకును పునర్నిర్మాణమునకును ఇల్లు విడిపించుకొనుటకు అందు పండ్రెండవ సెక్షను ప్రత్యేకముగా కలదు. కాని 1983 నాటి తీర్పు తెరచిన ద్వారమును 2005లో వచ్చిన సవరణ మరల మూసినది. నగరపాలకసంస్థల పరిధిలో నెలకు 3,500 రూపాయలు మించిన అద్దెగల ఇండ్లకును, ఇతరచోట్ల 2,000 మించిన ఇండ్లకును, కట్టి పదునైదేండ్లు నిండని ఇండ్లకును ఈ చట్టము వర్తింపదు. నేడు హైదరాబాదులో మూడువేల యైదువందలకు ఎట్టి ఇల్లు దొరకును? రెండుగదుల వాటాకు దానికి మూడింతలు, నాలుగింతలు ఇచ్చువాడు చట్టము దృష్టిలో కలిగినవాడు, రక్షణ అక్కరలేనివాడు. వానికి మిగిలినది ఆస్తి బదిలీ చట్టపు 106వ సెక్షను: నెలసరి అద్దెకు పదునైదు దినముల నోటీసు. ఏల ఖాళీ చేయించుచున్నావని యజమానిని అడుగువారుండరు. కట్టుటకు ధనమున్నదా, పటమున్నదా యని అడుగువారు అసలే యుండరు.

కోర్టుదాక పోవువారు మన ఊళ్లలో అరుదు. వ్యవహారము గడపయొద్దనే ముగియును. "సార్, ఇల్లు డెవలప్‌మెంటుకు ఇచ్చినం. దసరా లోపల ఖాళీ చేయాలె," అని యజమాని, "అన్నా, పిల్లల పరీక్షలు అయ్యేదాక ఆగరాదే," అని అద్దెదారు. సాధారణముగా ఈ యజమాని దుర్మార్గుడు కాడు. ఉద్యోగవిరమణ చేసి, బిడ్డలు అమెరికాలో స్థిరపడగా, 1980 ప్రాంతమున తాను కట్టించిన రెండుగదుల యింటిముందు వేపచెట్టు ఆకులు ఊడ్చుకొను ముసలివాడు. బిల్డరు వచ్చి, సగము ఫ్లాట్లు మీకు, సగము మాకు. కరారునాడు గుడ్‌విల్ క్రింద కొంత సొమ్ము. కట్టడము ముగియువరకు మీరు వేరొకచోట నుండుటకు నెలనెలా అద్దె మేమే ఇచ్చెదము అని చెప్పును. ఈ కడపటి వాక్యమును చదువరులు గమనింపగోరెదను. కట్టుకాలమున ఇల్లులేని బాధ ఎంతటిదో, దానికి వెల కట్టుట యెట్లో బిల్డరుకును యజమానికిని బాగుగ తెలియును. ఆ వెల యజమానికి చెల్లును. అదే గోడలక్రింద, వెనుకవాటాలో, పదునైదేండ్లుగా నున్న అద్దెదారునకు చెల్లునది తాను మొదట ఇచ్చిన అడ్వాన్సు మాత్రమే. అదియు గోడల రంగులకని, విరిగిన నల్లాకని కొంత కోసికొన్న పిమ్మట.

ఆ స్థలమున లేవబోవు అపార్టుమెంటులో ఫ్లాటు కొనువానికి 2016 నాటి రియల్ ఎస్టేటు చట్టము ఎన్ని రక్షణలు కల్పించినదో చూడుడు. చట్టము వర్తించు పరిమాణముగల కట్టడమైనచో బిల్డరు దానిని నమోదు చేయవలయును; ముగియు తేదీని ప్రకటింపవలయును; కొనువారియొద్ద వసూలైన సొమ్ములో నూటికి డెబ్బది వంతులు ప్రత్యేకపు ఖాతాలో నుంచి ఆ కట్టడమునకే వ్యయింపవలయును; తేదీ తప్పినచో వడ్డీ కట్టవలయును. పలుగు పడిన తరువాత కావలి కాయుట ప్రభుత్వమునకు చేతకాని పని కాదని దీనివలన స్పష్టము. కాని అదే చట్టము, ఫ్లాటు పొందువాడు ఎవడని నిర్వచించుచు, అద్దెకు పుచ్చుకొన్నవాడు అందులో చేరడని పేరుపెట్టి తొలగించినది. ఇంకను రానివానికి కావలి, ఉన్నవానికి నోటీసు.

2021 జూన్ 2న కేంద్ర మంత్రివర్గము ఆమోదించిన నమూనా అద్దెచట్టము ఈ లోటును తీర్చునని కొందరాశించిరి. ఆంధ్రప్రదేశ్ 2017లోనే తన కొత్త అద్దెచట్టమును చేసికొన్నది. తమిళనాడు కొత్తచట్టము 2019 ఫిబ్రవరిలో అమలునకు వచ్చి పైన చెప్పిన ఆ పాత కూల్చివేత నిబంధన వివాదములకు తెర దించినది. తెలంగాణము 1960 నాటి పాతచట్టముతోనే కాలక్షేపము చేయుచున్నది. నమూనాచట్టమున మెచ్చుకొనదగినవి కలవు: నివాసగృహమునకు రెండునెలల అద్దెకు మించి అడ్వాన్సు పుచ్చుకొనరాదు, కరారు వ్రాతపూర్వకముగా నుండితీరవలయును, వివాదమును త్వరగా తేల్చుటకు ప్రత్యేకమైన అద్దె న్యాయస్థానము. పునర్నిర్మాణమును గూర్చి మాత్రము అది చెప్పినది స్వల్పము: ఖాళీ చేయనిదే కట్టుట సాధ్యము కానప్పుడు ఖాళీ చేయింపవచ్చును, ముగిసిన పిమ్మట ఇరువురికిని సమ్మతమైనచో అద్దెదారు మరల చేరవచ్చును. ఇరువురికిని సమ్మతమైనచో! ఇరువురికిని సమ్మతమైన పనికి చట్టమేల? ఈనాటి బుద్ధిమంతులకన్న, నెలకును మూడునెలలకును లెక్కకట్టిన ఆ పాత బొంబాయి శాసనకర్తలే మానవస్వభావమును మెరుగుగా ఎరిగినవారని నాకు తోచుచున్నది.

అట్లని బొంబాయి పద్ధతిని యథాతథముగా మనమెత్తుకొని వచ్చుటను నేను కోరను. ఎనుబదియేండ్ల క్రిందటి అద్దెను స్తంభింపజేసి, ఇల్లు ఎవనిదో తెలియకుండ చేసి, చివరకు గోడలను ఇరువురిమీదను పడనిచ్చిన పద్ధతి అది. యజమాని తన యింటిని కూల్చి కట్టుకొనవలయును. తగిన అద్దె పుచ్చుకొనవలయును. కాని కూల్చుటకు అనుమతిపత్రమిచ్చు నగరపాలకసంస్థయే, ఆ దరఖాస్తులో, ఇందులో అద్దెకున్నవారెవరు, వారికి ఎన్నాళ్ల గడువిచ్చితిరి, అడ్వాన్సు తిరిగి యిచ్చితిరా యని మూడు గడులు చేర్చినచో ఖజానాకు దమ్మిడీ వ్యయము కాదు. బిల్డరు యజమానికిచ్చు కట్టుకాలపు అద్దెలో ఒక మూడునెలల పాలు అద్దెదారుకును చెల్లవలయుననినచో ఏ భవనపు లెక్కయు తలక్రిందులు కాదు. తిరిగి వచ్చు హక్కున్నచోట, ఆ హక్కును కాపాడు భారమును అద్దెదారు నెత్తినుండి తీసి, కొనుగోలుదారునకు కావలియున్న అధికారి చేతిలోనే పెట్టవలయును.

శాసనములు మారులోపల చదువరులకొక విన్నపము. మన ఊళ్లలో ఇంటి కరారు పదునొకండు నెలలకు వ్రాయుదురు. ఏడాది దాటినచో రిజిస్ట్రేషను చేయింపవలసివచ్చునన్న తలంపుతో అట్లు చేయుట. జిరాక్సు అంగడిలో దొరకు అచ్చుకాగితమున ఖాళీలు పూరించి సంతకము చేయుటతో సరిపుచ్చకుడు. ఇల్లు డెవలప్‌మెంటుకు ఇచ్చునెడల కనీసము మూడునెలల ముందు వ్రాతమూలముగా తెలుపవలయునని, చదువుకొను పిల్లలున్నచో పరీక్షల నడుమ ఖాళీ చేయింపరాదని, తాళపుచెవి ఇచ్చిననాడే అడ్వాన్సు మొత్తము చేతికి రావలయునని, కొత్తయింటిలో వాటా అద్దెకిచ్చునప్పుడు అప్పటి బజారుధరకే మొదట మిమ్ము అడుగవలయునని, ఈ నాలుగు వాక్యములను మీ చేతివ్రాతతోనైనను చేర్చి, ఇరువురును ప్రక్కన సంతకము చేయుడు. యజమానులైనవారు అద్దెదారు అడుగకమునుపే వీనిని తామే చేర్చుట మరియు మేలు.